పార అంటే ఏ పార?

శివరామయ్యకు మాట్లాడడమంటే మహా ఇష్టం. ఇదీ ఒక విశేషమేనా అంటారేమో, విశేషమే మరి. ఆయన ఇల్లు తిరుత్తణిలో మరమగ్గాల వీధిలో ఉంది. కుడి పక్కింట్లో రెండు మగ్గాలు, ఎడమ పక్కింట్లో నాలుగు. పొద్దున ఆరింటికి మీట నొక్కితే చీకటిపడే దాకా టకటకా టకటకా ఒకటే మోత. పక్కింటాయనను "తిన్నావా?" అని అడగాలన్నా నోటి దగ్గర చెయ్యి పెట్టి సైగ చేయాలి. మాటంటే ప్రాణం పెట్టే మనిషికి దేవుడు చూసి చూసి సైగల వీధిలో ఇల్లు ఇచ్చాడు. ఏమంటాం!

ఆ ఇంట్లోనే ఒకప్పుడు వాళ్ల నాయన గుంట మగ్గం మీద లుంగీలు నేసేవాడు. శివరామయ్య కూడా ఇరవై తొమ్మిదేళ్లు వచ్చేదాకా నేశాడు. చేతి మగ్గం ముందు కూర్చుంటే కాళ్లకూ చేతులకూ పని, నోరు ఖాళీ. ఎంతసేపైనా కబుర్లు చెప్పుకోవచ్చు. వీధిలోకి కరెంటు మగ్గాలు వచ్చాక ఆ ముచ్చట తీరిపోయింది. ఆయన గుంట పూడ్పించి, పనిముట్లు తయారు చేసే ఒక కంపెనీలో సేల్స్‌మన్‌గా చేరాడు.

ఇంట్లో దేవకి ఉన్నన్నాళ్లు ఏ లోటూ లేదు. సాయంకాలం వచ్చి వంటింటి గడప మీద కూర్చుని, పొద్దున్నుంచి ఎవరెవరిని చూశాడో, ఎవరేమన్నారో అన్నీ పూసగుచ్చినట్టు చెప్పేవాడు. ఆమె వంకాయలు తరుగుతూ "ఊఁ" కొట్టేది. ఆ "ఊఁ"ల్లో ఎన్ని రకాలో! నమ్మాను అని ఒక ఊఁ, కోతలు చాలించు అని ఒక ఊఁ, తర్వాతేమైంది అని ఒక ఊఁ. ఆమె పోయి ఏడేళ్లయింది. పిల్లలు లేరు. మొదటి ఏడాదంతా ఆయన గడప మీద కూర్చుని "ఈ పొద్దు ఏమైందంటే..." అని మొదలుపెట్టి, ఎదురుగా చల్లారిన పొయ్యి తప్ప ఎవరూ లేరని గుర్తొచ్చి నోరు మూసుకునేవాడు. తర్వాత గడప మీద కూర్చోవడమే మానేశాడు.

ఇక మిగిలింది లైను. అమ్మకాల మనుషులకు లైనంటే వాళ్లు తిరిగే దారి. కంపెనీ ఫ్యాక్టరీ గుమ్మిడిపూండిలో ఉంది, డిపో తిరువళ్ళూరులో. సోమవారం పొద్దున శివరామయ్య కరెంటు రైలెక్కి తిరువళ్ళూరు వెళ్లి, ఆర్డర్లు రాయించి, కొత్త సాంపిళ్లు సంచిలో వేసుకుని వస్తాడు. మిగతా ఐదు రోజులు తిరుత్తణి బజారు, కే.జీ.కండిగై, పొదటూరుపేట, నడుమ ఉన్న పల్లెలు. బస్సు ఉన్నచోట బస్సు, లేనిచోట కాళ్లు. ఇరవై ఏడేళ్లుగా సుత్తులు, కొడవళ్లు, పట్టకార్లు మోసి మోసి కుడి భుజం ఎడమదానికంటే రెండు వేళ్లు కిందికి దిగింది. ఆ లైనులో ఒకరికి ఆయన అన్న, ఒకరికి మామ, ఒకరికి బావ. ఆ పిలుపులు తీసేస్తే వారం మొత్తంలో ఆయనను పేరు పెట్టి పిలిచే నాథుడు లేడు.

పోయిన ఆగస్టులో ఆ లైనుకే ఎసరొచ్చింది.

ఆ సోమవారం డిపో మేనేజరు మురళీధరన్ డిపో కింద ఉన్న ఐదు లైన్ల వాళ్లనూ పిలిపించాడు. నలభై ఏళ్ల మనిషి, తిరువళ్ళూరులో పాత వర్తకుల కుటుంబం, మాట మెత్తన. బల్ల మీద ఎనిమిది కొత్త పనిముట్లు వరసగా పేర్చి ఉన్నాయి. కంపెనీ కొత్తగా తెస్తున్న సరుకు. అన్నిటికంటే ముందు నిలబెట్టింది ఒక చిన్న పార. రేకు సన్నం, బరువు మామూలు పారలో సగం, పిడి దూర్చే గూడు కొంచెం పైకి తిప్పి పెట్టారు. ఆడవాళ్లు పెద్దగా వంగకుండా గట్లు చెక్కుకోవచ్చు.

"వానలకు ముందర ఫ్యాక్టరీ రెండు లైన్లకు మాత్రమే సరుకియ్యగలదు. ఐదు లైన్లలో యాడ ఎక్కువ మంది అడిగితే ఆడికి ఫస్టు పంపిస్తారు. మీరు పోయి అంగళ్లలోనూ సేద్యం చేసేవాళ్లనీ అడగాల. చెన్నై ఆఫీసు లెక్క అంతే," అన్నాడు మురళీధరన్.

"మిగతా మూడు లైన్లు ఏమైతాయి సార్?" అని అడిగాడు శివరామయ్య.

"కొంచెం దినాలు నిలిపేస్తారన్నా. అంతవరకు వాళ్లు గుమ్మిడిపూండి గోడౌన్‌లో ఉండాల."

"కొంచెం దినాలంటే?"

మురళీధరన్ తలెత్తి ఫ్యాన్ వంక చూశాడు. "మీకు యాభై ఆరు కదన్నా," అన్నాడు.

అర్థమైపోయింది. తిరుత్తణి నుంచి గుమ్మిడిపూండి పోవాలంటే చెన్నై దాకా వెళ్లి, బండి మారి, మళ్లీ ఉత్తరానికి పోవాలి. రోజూ పోయివచ్చే పని కాదు. అక్కడే ఒక గది తీసుకుని ఉండాలి. రెండేళ్లు గోడౌన్‌లో పెట్టెలు లెక్కపెట్టి, తర్వాత దండం పెట్టి ఇంటికి రావాలి. పనికి భయపడే మనిషి కాదు శివరామయ్య. పెట్టెలతో ఏం మాట్లాడతాడు? ఆయనకు పట్టుకున్న భయం అదే.

అడగడానికి ఇచ్చిన ఫారం తమిళంలోనూ ఇంగ్లీషులోనూ ఉంది. శివరామయ్య తిరుత్తణి బళ్లో తెలుగులో చదివినవాడు. తమిళం గలగలా మాట్లాడతాడు గానీ అక్షరాలు కూడబలుక్కుని అంగడి బోర్డులు చదవడం వరకే. ఆయన ఫారాన్ని అటూ ఇటూ తిప్పుతుంటే మురళీధరనే దారి చూపాడు.

"మీరు వాట్సాప్‌లో వాయిస్ పంపించేయండన్నా. సత్యప్రియ విని టైపు చేస్తాది."

సత్యప్రియ డిపోలో కంప్యూటరు ముందు కూర్చునే పిల్ల. ఇరవై నాలుగేళ్లుంటాయి. ఇంట్లో తెలుగే, కానీ చదివిందంతా తమిళం. శివరామయ్యను మామా అంటుంది. ఐదు లైన్ల సమాచారమూ ఆ పిల్ల చేతి మీదుగానే చెన్నైకి పోవాలి. మైకు బొమ్మ ఎలా నొక్కాలో, ఎలా వదలాలో ఆయనకు నేర్పి, "నేను విన్నాక ఈ మైకు నీలంగా మారతాది మామా," అని చెప్పింది. ఆ ఒక్క మాట నేర్పకుండా ఉంటే ఎంత బాగుండేదో.

మొదటి వాయిస్ తిరుత్తణి బజారు నుంచి పోయింది.

"అమ్మా సత్యప్రియా, నేను శివరామయ్యని. ఈడ బజార్లో మొదటి అంగడాయన పార కావాలంటా ఉండాడు. ఎందుకంటే..." అని మొదలుపెట్టి, అంగడాయన పది గంటలకు ముందు ఎందుకు తలుపు తీయడో, ఆయన దగ్గర పార కొనే ఆడవాళ్లు ఏ పల్లెల నుంచి వస్తారో, వాళ్లు పిడి పట్టుకుని చూసి ఏమన్నారో అన్నీ చెప్పాడు. నాలుగు నిమిషాలైంది. చివర్లో గుర్తొచ్చింది. "అమ్మా, ఇంగో మాట. నేను ఉత్త పార అని చెప్తే మట్టి తోడే పార. మీ టౌనోళ్లు పారై అంటారే, ఆ గడ్డపార కాదు. గుర్తు పెట్టుకో తల్లీ."

వదిలేసి ఫోను వంకే చూస్తూ నిలబడ్డాడు. అరగంటకు మైకు నీలంగా మారింది. వెంటనే ఒక బొటనవేలి బొమ్మ వచ్చింది. శివరామయ్య ముఖం చూడాలి అప్పుడు! ఏడేళ్ల తర్వాత ఆయనకు మళ్లీ ఒక "ఊఁ" దొరికింది.

ఇక ఆపగలమా ఆ మనిషిని! దేవకికి చెప్పాల్సినవన్నీ ఏడేళ్లుగా కడుపులో మూటకట్టుకుని ఉన్నాడు, ఆ మూట విప్పేశాడు. పార గురించి అడగబోయి ఆ ఊరి మట్టి గురించి చెప్పేవాడు. ఫలానా పల్లెలో గులకరాళ్ల నేల, రేకు సన్నమైతే వంగిపోతుంది. ఫలానా అంగట్లో తండ్రితో మాట్లాడి లాభం లేదు, కోడలిని అడగాలి. ఫలానా చోట మధ్యాహ్నం బస్సు పేరుకే ఉంది, నమ్ముకుంటే ఎండలో మాడిపోతారు. ఫలానా ఆయన కోపిష్టి, కానీ ఆయన కోళ్లను మెచ్చుకుంటే మైనంలా కరిగిపోతాడు. అన్నీ చెప్పేవాడు. రాత్రి పడుకునే ముందు ఆ రోజు పంపినవాటి పక్కన మైకులు నీలంగా ఉన్నాయో లేదో చూసుకునేవాడు. అన్నీ నీలంగానే ఉండేవి. హాయిగా నిద్రపోయేవాడు.

కే.జీ.కండిగైలో వళ్ళియమ్మ ఇల్లు ఊరి చివర. ఆమెకు అరవై రెండేళ్లు. ముప్పావెకరా వరి, కొంచెం వంగతోట, అంతా ఒక్కతే చూసుకుంటుంది. ఒక చెవి బొత్తిగా వినపడదు, రెండోది ఏదో పనిచేస్తుంది. వీధిలో నిలబడి రెండుసార్లు గట్టిగా పిలిస్తే గానీ బయటికి రాదు. వచ్చేటప్పుడు మాత్రం చేతిలో మజ్జిగ చెంబు ఉంటుంది. పదిహేనేళ్లుగా బుధవారం తప్పకుండా జరిగేది ఇదే.

ఆ బుధవారం శివరామయ్య నడుస్తూనే మైకు నొక్కేశాడు. ఆయనకు ఎప్పుడు నొక్కాలో ఎప్పటికీ అంతుపట్టలేదు. దాంతో ఆయన పిలుపు కూడా వాయిస్‌లో పడింది. "వళ్ళియమ్మక్కా! ఓ వళ్ళియమ్మక్కా!"

ఆమె చెంబుతో వచ్చి, పారను చూసి పకపకా నవ్వింది. "ఏమబ్బా శివరామా, ఇది పారా, గరిటా?"

"గట్టు చెక్కి చూసి చెప్పక్కా," అన్నాడు.

ఆమె పొలంలోకి దిగి బారెడు గట్టు చెక్కింది. ఇంకో బారెడు చెక్కింది. నడుం నిలిపి, పారను తిప్పి చూసి, మళ్లీ చెక్కింది. శివరామయ్య గట్టు మీద గొంతుక్కూర్చుని మజ్జిగ తాగుతూ చూశాడు.

"దీన్ని ఈడనే పెట్టి పో," అంది చివరికి.

"సాంపిలక్కా అది."

"సాంపిలో గీంపిలో. అడిగేది నేను కాదబ్బా, నా నడుము."

"వానలకు ముందరే తెచ్చిస్తా. కండిప్పా, తప్పకుండా తెచ్చిస్తా."

"నువ్వే తేవాల మళ్ళ. ఇంగెవురితోనో పంపించేవు," అందామె. శివరామయ్య నవ్వి, ఆమె అన్నదంతా మళ్లీ మొదట్నుంచి సత్యప్రియకు చెప్పాడు.

ఆరు వారాల్లో డెబ్బై ఒక్క వాయిస్‌లు పంపాడు. అందులో అరవై నాలుగు మంది చిన్న పారే అడిగారు. పొన్నేరి, మింజూరు వైపు తిరిగే ఆయన డిపోలో కలిసి తనకు నలభై మంది కూడా దొరకలేదన్నాడు. శివరామయ్య పైకి అయ్యో అన్నాడు గానీ లోపల గంతులు వేశాడు. తన లైను నిలిచినట్టే.

సెప్టెంబరు ఆఖరులో జాబితా వచ్చింది. డిపో గోడకు అంటించారు. మొదటిది పొన్నేరి–మింజూరు, రెండోది తిరువళ్ళూరు. శివరామయ్య అక్షరాలు కూడబలుక్కుంటూ కిందికి, ఇంకా కిందికి దిగాడు. తిరుత్తణి అట్టడుగున, ఐదోది.

ఇంకోసారి పైనుంచి కిందిదాకా కూడబలుక్కున్నాడు. తర్వాత సత్యప్రియ బల్ల దగ్గరికి వెళ్లాడు.

"అమ్మా, మాది కడాకు ఎట్ల పోయింది?"

ఆ పిల్ల కంప్యూటరు తెర ఆయన వైపు తిప్పింది. "మీ ఊర్ల పక్కం చిన్న మమ్మట్టి అడిగిందెవురూ లేరే మామా. అందరూ కడప్పారై కదా అడిగినారు! అరవై నాలుగు మంది. మన కొత్త సరుకులో కడప్పారై లేదే. అదే నాకూ ఆశ్చర్యం, అంత మందికి అదెందుకని."

"కడప్పారై ఎవురు చెప్పినారమ్మా?"

"మీరే మామా. ప్రతి వాయిస్‌లోనూ పారై, పారై అనే కదా చెప్పినారు."

శివరామయ్యకు ఒక్క క్షణం పట్టింది. తర్వాత నవ్వొచ్చింది. "పార అంటే మట్టి తోడేది తల్లీ! మీ మమ్మట్టి ఏదో, మా పార అదే. గడ్డపార వేరే!"

"అయ్యో దేవుడా," అని సత్యప్రియ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. "మా ఇంట్లో దాన్ని మమ్మట్టి అనే అంటాం మామా. పారై అంటే తవ్వే ఇనుప కడ్డీ అనే నాకు తెలుసు."

"ఆ సంగతి మొదటి వాయిస్‌లోనే చెప్పినానే. గడ్డపార కాదు, గుర్తు పెట్టుకో అని."

సత్యప్రియ తల దించుకుంది. వేళ్లతో బల్ల అంచు గీకింది. "అది నాలుగు నిమిషాలుండాది మామా," అంది మెల్లగా. "ఐదు లైన్ల ఫారాలు, వాయిస్‌లు వస్తాయి. నేను స్పీడు పెంచి పెట్టుకుంటా. వస్తువు పేరు వినపడతానే ఆపేసి టైపు చేస్తా."

"అన్నీ నీలంగా మారినాయే?"

"ఒకసారి తట్టితే చాలు మామా, నీలం అయిపోతాది."

శివరామయ్య నవ్వు ముఖం మీదే ఆగిపోయింది. ఆరు వారాలు ఈ పిల్ల తన మాట వింటోందనుకుని బతికాడు. కోపిష్టి ఆయన కోళ్లూ, వళ్ళియమ్మ నడుమూ, అన్నీ గోడకు చెప్పుకున్నట్టే. లైను పోయిందన్న బాధకంటే ఈ బాధే పెద్దదైంది. సిగ్గు కూడా వేసింది, నడివీధిలో ఒంటరిగా మాట్లాడుకుంటూ పోతుంటే ఎవరో చూసి నవ్వినట్టు.

ఆ పిల్ల చెడ్డది కాదు. కళ్లనిండా నీళ్లు పెట్టుకుని తనే మురళీధరన్ గదిలోకి తీసుకుపోయింది. మురళీధరన్ తల పట్టుకున్నాడు. "లిస్టు వచ్చేసిందన్నా. ఇప్పుడు నేను చెన్నైకి ఏమని చెప్పేది? పార, పారై అంటే వాళ్లు నమ్ముతారా?"

ఇరవై ఏడేళ్లలో ఏ మేనేజరు ముందూ కూర్చోని శివరామయ్య ఆ రోజు కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"వినండి సార్. మొదటి దాన్నుంచి కడా వరకు వినండి. ఎవురికేం కావాలనో, ఎందుకు కావాలనో అన్నీ చెప్పినా. వినకుండా పోయేది లేదు నేను."

మురళీధరన్ గడియారం చూసుకున్నాడు, ఆ మనిషి ముఖం చూశాడు, "పెట్టమ్మా," అన్నాడు.

సత్యప్రియ ఫోనును బల్ల మీదున్న స్పీకరుకు కలిపింది. ఈసారి స్పీడు పెంచలేదు. మొదట మురళీధరన్ కాగితాలు తిరగేస్తూ విన్నాడు. మూడో వాయిస్‌కు కాగితాలు పక్కన పెట్టాడు. పదో వాయిస్‌కు కలం తీసుకున్నాడు. కోళ్ల ఆయన దగ్గరికి వచ్చేసరికి సత్యప్రియ ఫక్కున నవ్వింది. వళ్ళియమ్మ "పారా, గరిటా" అన్నప్పుడు మురళీధరన్ కూడా నవ్వి, "ఎవరన్నా ఈమె?" అని అడిగాడు. భోజనాల వేళ దాటిపోయింది, ఎవరూ లేవలేదు. మధ్యలో ఎవరో టీ తెచ్చి పెట్టారు. శివరామయ్య తన గొంతు తనే వింటూ, వాళ్ల ముఖాలు చూస్తూ కూర్చున్నాడు. దేవకి పోయిన తర్వాత ఆయన మాటను ఎవరూ ఇంతసేపు వినలేదు. నిజం చెప్పాలంటే ఆ మధ్యాహ్నం లైను సంగతి కూడా కాసేపు మరిచిపోయాడు. అంత సంతోషంగా ఉన్నాడు.

సాయంకాలం మురళీధరన్ చెన్నైకి ఫోను చేశాడు. వాయిస్‌లన్నీ పంపించాడు. వారం తిరక్కముందే కొత్త జాబితా వచ్చింది. మొదటిది తిరుత్తణి.

శివరామయ్య ఆ రోజు ఇంటికొచ్చి, ఎన్నో ఏళ్ల తర్వాత వంటింటి గడప మీద కూర్చున్నాడు. "ఈ పొద్దు ఏమైందంటే దేవకీ," అని మొదలుపెట్టి, అవతల మగ్గాలు మోగుతూనే ఉంటే, ఉత్త పొయ్యికి ఆ కథంతా చెప్పేశాడు.

తర్వాతి సోమవారం డిపోకు వెళ్తే మురళీధరన్ లేచి నిలబడి చెయ్యి పట్టుకున్నాడు. మేనేజర్లు లేచి నిలబడితే ఏదో ఉందని అర్థం. కానీ పాపం శివరామయ్యకు తోచలేదు.

"మీ వాయిస్‌లు చెన్నైలో అందరూ విన్నారన్నా. ఇంత విషయం ఏ లైను నించీ రాలేదని మెచ్చుకున్నారు."

"సరుకు ఎప్పుడొస్తాది సార్? కండిగైలో మాటిచ్చినా."

"వచ్చే వారమే. అయితే అన్నా..." మురళీధరన్ మళ్లీ ఫ్యాన్ వంక చూశాడు. "ఫస్టు మార్కెట్ అయింది కదా. దినానికి ముప్పై అంగళ్లు తిరగాలంట. బైకు ఉండే మనిషి కావాలంటా ఉండారు. సెల్వం అని ఒకాయన్ని వేసినారు. మంచి మనిషే."

శివరామయ్య భుజం మీది సంచి సర్దుకున్నాడు. "ఆయనకు ఈ లైను తెలియదు కదా సార్," అన్నాడు తర్వాత. "ఎవురింటికి ఎట్ల పోవాల, ఎవురితో ఎట్ల మాట్లాడాల, ఏమీ తెలియదే."

"అదంతా మీరు చెప్పేసినారే! అంగడికి ఒకటి, ఊరికి ఒకటి, డెబ్బై ఒక్క వాయిస్‌లు. అవి ఆయన ఫోన్లో వేసేసినాం. ఇంక వేరే ట్రైనింగే అక్కర్లేదని చెన్నైవాళ్లే అన్నారు." మెచ్చుకోలుగానే అన్నాడు మురళీధరన్. అందులో ఎత్తిపొడుపేమీ లేదు.

బయట తన బల్ల దగ్గర సత్యప్రియ నిలబడి ఉంది. "నేను ఆ దినం అవి పెట్టకుండా ఉండాల్సింది మామా," అంది.

"వినమని పట్టుబట్టింది నేనే కదమ్మా," అన్నాడు శివరామయ్య. సంచి భుజం నుంచి దించి, సాంపిళ్లు ఒక్కొక్కటే తీసి ఆమె బల్ల మీద పెట్టాడు. చిన్న పార ఆఖరుకు తీశాడు. ఖాళీ సంచి మడిచి చంకలో పెట్టుకుని రైలుకు పోయాడు.

అక్టోబరు మొదట్లో ఆయన గుమ్మిడిపూండి చేరాడు. స్టేషనుకు అవతల ఒక గది తీసుకున్నాడు. గోడౌన్‌లో పనిచేసేవాళ్లు ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్లు. వాళ్ల మాట ఈయనకు రాదు, ఈయన మాట వాళ్లకు రాదు. "పెరియవరే", అంటే పెద్దాయనా అని ఒక్క తమిళ ముక్క నేర్చుకుని దానితోనే పిలుస్తారు. పేరు ఎవరూ అడగలేదు. పెట్టెలకు కాగితాలు అంటించడం ఆయన పని. ఇప్పుడు ప్రతి కాగితం మీదా పేరు పక్కన పనిముట్టు బొమ్మ కూడా వేస్తున్నారు, పొరపాటు జరగకూడదని. తిరుత్తణికి పోయే పెట్టెల మీద మాత్రం శివరామయ్య సుద్దముక్కతో తెలుగులో "మట్టి పార" అని రాసేవాడు. లారీ ఎక్కించేవాళ్లకు అది ఏ గీతో తెలియదు. ఎవరూ వద్దనలేదు.

వాయిస్ పంపడానికి ఎవరూ లేరు. ఫోను చొక్కా జేబులో ఊరికే ఉండేది. సత్యప్రియకు పంపితే వింటుందేమో, ఈసారి చివరిదాకా వింటుందేమో. రెండుసార్లు మైకు మీద వేలు పెట్టాడు కూడా. ఇప్పుడు చెప్పడానికి ఏముంది? పొద్దున్నుంచి ఇన్ని పెట్టెలకు కాగితాలు అంటించాను అని చెప్తాడా? వేలు తీసేశాడు.

వానలు మొదలైన వారంలో, ఒక బుధవారం మధ్యాహ్నం, ఫోను మోగింది. తెలియని నంబరు.

"శివరామా, నేనబ్బా, వళ్ళియమ్మని. పక్కింటోళ్ల ఫోను. యాడుండావు నువ్వు?"

ఆయన గబగబా పెట్టెల మధ్య నుంచి లేచి తలుపు దగ్గరికి పోయాడు. "గుమ్మిడిపూండిలో ఉండానక్కా. గట్టిగా మాట్లాడతాను, వినపడతా ఉండాదా?"

"మంచి చెవులోనే పెట్టుకోనుండా, చెప్పు."

"పార వచ్చిందా అక్కా? ఎట్లుండాది?"

"పారకేమి, వచ్చింది. బాగుండాది. నేను దాని కోసరం ఫోను చెయ్యలే." ఆమె గొంతులో కోపం ఉంది. "ఈ పొద్దు నువ్వొచ్చినావనుకున్యా నేను."

"నేనెట్ల వస్తా అక్కా..."

"వీధిలో నువ్వే పిలిచినావు. వళ్ళియమ్మక్కా, ఓ వళ్ళియమ్మక్కా అని. రెండుతూర్లు. నాకు వేరే ఏదీ వినపడదు గానీ నీ పిలుపు వినపడతాది కదా. నెల దినాలై రాలేదే అని, మజ్జిగ చెంబెత్తుకోని ఉరుకులు పెట్టి వాకిట్లోకొస్తే, ఎవురో మీసాలాయప్ప బైకు మీద కూసోనుండాడు. చేతిలో ఫోను. దాంట్లోనించి నువ్వు మాట్లాడతా ఉండావు."

శివరామయ్య ఫోనును చెవికి ఇంకా దగ్గరగా నొక్కుకున్నాడు. బయట వాన పడుతూ ఉంది.

"మజ్జిగ ఏం చేసినావక్కా?" అని అడిగాడు చివరికి.

"ఏం జేసేది? ఆయప్పకే ఇచ్చినా. తాగినాడు పావం. ఆయప్ప మీద నాకేం కోపం లేదు. కానీ ఒగటి చెప్పినా ఆయప్పకు. ఇంగ ఆ ఫోను నా వాకిట్లో తియ్యొద్దని చెప్పినా. మనిషి రాకుండా ఉత్త గొంతొచ్చి పిలిస్తే, నేను దానికి మజ్జిగెట్ల పొయ్యాల్రా శివరామా?"

"ఊఁ," అన్నాడు శివరామయ్య.